ఊఁ కొట్టని ఆదివారాలు

డాలస్ పక్కనున్న కాపెల్‌లో కాకులు లేవని కాదు. కావలసినప్పుడు రావు, అంతే.

వీరభద్రరావు బ్యాక్‌యార్డ్‌లో కంచె పక్కన అరిటాకు ముక్క వేసి, పిండం పెట్టి, అప్పటికి గంటన్నర అయింది. ఆ అరిటాకు వియత్నాం వాళ్ళ కొట్లో ఫ్రీజర్‌లోంచి తెచ్చింది. కరిగి, నల్లబడి, నీళ్ళు కారుతోంది. పదో రోజు. పోయింది ఆయన ఒక్కగానొక్క కొడుకు శ్రేయాస్. ఇరవై ఆరేళ్ళు. తనకి కొడుకు పెట్టాల్సిన పిండం తనే కొడుక్కి పెట్టాడు. పగవాడికి కూడా వద్దురా అని మనం ఊరికే అంటుంటాం గానీ, ఆ మాటకి అర్థం ఆ సోమవారం ఆ పెరట్లో నిలబడి ఉన్నవాళ్ళకి తెలిసింది.

పురోహితుడు ఆంజనేయప్రసాద్ గారు వారంలో ఐదు రోజులు సాఫ్ట్‌వేర్ టెస్టింగు, రెండు రోజులు పౌరోహిత్యం. ఆ రోజు వర్క్ ఫ్రమ్ హోమ్ పెట్టి వచ్చాడు. పంచె మీద స్వెట్టర్ వేసుకుని, ఒంటిగంటకి మీటింగ్ ఉన్నా ఆ మాట పైకి చెప్పకుండా, మర్యాదగా ఆకాశం చూస్తున్నాడు.

"పోయినవాడికి ఏదో కోరిక ఉండిపోయి ఉంటుందండీ," అన్నాడు చివరికి. "తీరుస్తామని ఒక్కొక్కరూ మాటివ్వండి. అప్పుడు ముడుతుంది."

మనకి తెలిసిందే. కోరిక తీరకపోతే కాకి పిండం ముట్టదు. ఆ కోరిక ఏమిటో కాకికి తెలుసు, మనకి తెలీదు.

ముందు తల్లి వెళ్ళింది. సుబ్బులు ఏడుపు ఆపుకుని, "నీ పుస్తకాలు ఎవరికీ ఇవ్వన్రా కన్నా, నీ గది అలాగే ఉంచుతాను," అంది. ఒక ఉడుత వచ్చి మొహం చూసి పోయింది. వరసకి బాబాయి అయ్యే ఒకాయన వాడి పేరు మీద స్కాలర్‌షిప్ పెడతానన్నాడు. గాలికి ఆకు కదిలింది. అంతే.

ఎవరూ వీరభద్రరావు వైపు చూడలేదు. చూడకుండా ఉండటానికి నానా తంటాలూ పడ్డారు. ఎందుకంటే ఊరందరికీ తెలుసు, ఈయన కొడుకుతో మాట్లాడి పద్నాలుగు నెలలైంది.

ఆ కథ చెప్పాలి.

శ్రేయాస్ కంప్యూటర్ సైన్స్ చదివాడు, డాలస్‌లోనే మంచి ఉద్యోగం, రెండేళ్ళు చేశాడు. అక్కడితో ఆగితే మన పిల్లలందరిలాంటివాడే. రెండు వేల పదకొండు సెప్టెంబరులో, లేబర్ డే సెలవులకి ఇంటికొచ్చి, డైనింగ్ టేబుల్ దగ్గర పప్పులో నెయ్యి వేసుకుంటూ, ఉద్యోగం మానేశానని చెప్పాడు. ఇండియానాలో పీహెచ్‌డీలో చేరిపోయాను, క్లాసులు కూడా మొదలయ్యాయి అన్నాడు. చేరాక చెప్పాడు, చూశారా, చేరే ముందు కాదు. వీరభద్రరావుకి ముల్లు దిగింది అక్కడే. డేటాబేసుల ఉద్యోగంలో ఆయనకి ఇరవై ఏళ్ళుగా పర్మిషన్ ఇవ్వటమే పని.

"దేంట్లో పీహెచ్‌డీ?"

"ఫిలాసఫీ నాన్నా. మిడీవల్. ఎనిమిదొందలేళ్ళు, వెయ్యేళ్ళ కిందటివాళ్ళు జంతువుల మనసు గురించి ఏమనుకున్నారు, మనిషికీ జంతువుకీ తేడా ఎక్కడ పెట్టారు, అది."

"జంతువులా?"

పిల్లాడి కళ్ళు వెలిగాయి. వాడి ఖర్మ, తండ్రి నిజంగానే అడుగుతున్నాడనుకున్నాడు. పర్షియాలో ఒక వైద్యుడు వేసిన ప్రశ్న అని మొదలుపెట్టాడు. గొర్రెపిల్ల ఉంది. తోడేలుని పుట్టాక మొదటిసారి చూసింది. చూడగానే పారిపోయింది. దానికి రంగు కనిపించింది, ఆకారం కనిపించింది, వాసన తగిలింది. కానీ పగ అనేది కంటికి కనిపించదు కదా, ముక్కుకి తగలదు కదా. మరి ఇది నా శత్రువు అని గొర్రెకి ఎవరు చెప్పారు? దాని లోపల, కళ్ళూ చెవులూ కాకుండా, ఇంకేదో ఉండాలి. ఆ ఇంకేదో మనిషికీ ఉంది. అయితే మనిషికి దానిపైన ఇంకా ఏముంది?

వీరభద్రరావు నోట్లో ముద్ద మింగి, ఒకే ఒక్క ముక్క అన్నాడు. "గొర్రె కసాయివాణ్ణే నమ్ముతుంది. మీ వైద్యుడికి ఆ సంగతి ఎవరూ చెప్పలేదా?"

వెటకారంగా అన్నాడు. కానీ శ్రేయాస్ తినే చెయ్యి ఆపేశాడు. "నాన్నా, అది చాలా మంచి ఆబ్జెక్షన్," అన్నాడు మెల్లగా, జేబులోంచి ఫోన్ తీసి అందులో రాసుకున్నాడు. ఎంగిలి చేత్తో.

ఆ రాసుకోవటం చూసి వీరభద్రరావుకి అరికాలి మంట నెత్తికెక్కింది. తను తిడుతుంటే వీడు నోట్సు రాసుకుంటున్నాడు. లేచి చెయ్యి కడుక్కుని, ఆ గొర్రెల చదువు మానేదాకా నాతో మాట్లాడొద్దని చెప్పేశాడు. తా పట్టిన కుందేలుకి మూడే కాళ్ళనే రకం. అన్నాడంటే అన్నాడే.

కానీ పిల్లాడు ప్రతి ఆదివారం పదింటికి తల్లికి ఫోన్ చేసేవాడు. తప్పేవాడు కాదు. సుబ్బులు ఫోన్ వంటింట్లో కౌంటర్ మీద స్పీకర్‌లో పెట్టి పోపు వేసుకునేది. ఆదివారం కూరలు తరగటం వీరభద్రరావు వంతు. పెళ్ళైనప్పటి నుంచీ అంతే. కాబట్టి ఆయన అక్కడే ఉండేవాడు, నాలుగడుగుల దూరంలో, చెక్క మీద బెండకాయలో దొండకాయలో టకటకటక తరుగుతూ. మాట్లాడనన్నాడు గానీ వినననలేదు కదా. అలా తనకి తనే చెప్పుకున్నాడు.

బావున్నావా, తిన్నావా అయిపోయాక, "అమ్మా, ఈ వారం కథ," అనేవాడు శ్రేయాస్. పాపం సుబ్బులుకి గొర్రెలతో ఏం పని? అయినా చెప్పేవాడు, తెలుగులో, తడుముకుంటూ. కుందేలుని తరుముతూ మూడు దార్లు కలిసే చోటికి వచ్చిన కుక్క కథ చెప్పాడు. ఒక దారి వాసన చూసింది, లేదు. రెండోది చూసింది, లేదు. మూడోది వాసన చూడకుండానే పరిగెత్తింది. అది ఆలోచించినట్టా, కాదా? ఆలోచన కాదు, గడియారంలో చేసినవాడి తెలివి ఉన్నట్టు కుక్కలో సృష్టించినవాడి తెలివి ఉంది అన్నాడట ఒక సన్యాసి. జంతువుకి గొంతు ఉంది గానీ మాట లేదన్నారట. బాధ ఉంది గానీ, ఎందుకీ బాధ అనే ప్రశ్న లేదన్నారట. ప్రశ్న అడిగేది మనిషి ఒక్కడే.

"ఊఁ కొట్టమ్మా," అనేవాడు మధ్యలో. సుబ్బులు ఊఁ అనేది, కుక్కర్ వైపు చూస్తూ.

ఊఁ కొట్టటం వాడికి నేర్పింది వీరభద్రరావే. చిన్నప్పుడు మంచం మీద పక్కన పడుకోబెట్టుకుని నక్క కథలు, కాకి కథలు చెప్పేవాడు. ఊఁ కొడితేనే కథ నడుస్తుందిరా, లేకపోతే నక్క అడవిలోనే నిలబడిపోతుంది అనేవాడు. పిల్లాడు నిద్ర ముంచుకొస్తున్నా ఊఁ, ఊఁ అంటూ, చివరికి ఆ ఊఁ పల్చబడి ఆగిపోయేది. అప్పుడు దుప్పటి కప్పేవాడు.

అలాంటివాడు అరవై ఆదివారాలు నాలుగడుగుల దూరంలో నిలబడి ఒక్క ఊఁ అనలేదు. ఏం పోయేది, చెప్పండి. పెదవి కూడా విప్పక్కర్లేదు.

మరుసటి ఏడాది నవంబరులో ఒక శనివారం సాయంత్రం, శ్రేయాస్ కారుకి జింక అడ్డొచ్చింది. డ్రైవింగ్ నేర్పినప్పుడు తండ్రి చిలక్కి చెప్పినట్టు చెప్పాడు, జింక వస్తే బ్రేక్ వెయ్యి, స్టీరింగ్ మాత్రం తిప్పకు అని. తిప్పాడు. చెట్టు. జింకకి ఏమీ కాలేదని పోలీసు చెప్పాడట, ఓదార్పు అనుకున్నాడేమో. మర్నాడు ఆదివారం పదింటికి ఫోన్ రాలేదు.

ఇదీ కథ. అందుకే పెరట్లో అందరూ ఆయన్ని చూడకుండా ఆకాశం చూస్తున్నారు.

ఆఖరికి వీరభద్రరావు తనంతట తనే వెళ్ళాడు. ఆకు ముందు గొంతుక్కూర్చున్నాడు, మోకాళ్ళు పట్టేసినా. ఎవరికీ వినపడకుండా అన్నాడు. "తప్పు నాదేరా. నువ్వు చెప్పిందంతా విన్నాను. నా మీద కోపం పెట్టుకోకు నాన్నా."

కంచె మీద చప్పుడైంది. నల్లటి పక్షి, ఎండకి నీలంగా మెరుస్తూ, పొడుగాటి తోక. దిగింది. తల ఒక పక్కకి వాల్చి ఆయన్నే చూసింది, పసుప్పచ్చటి కన్నుతో. రెండు గెంతులు గెంతి, పిండాన్ని ముక్కుతో పొడిచి, తిన్నది. ఆవురావురుమని తిన్నది.

సుబ్బులు అక్కడే కూలబడి భోరుమంది. ఆంజనేయప్రసాద్ గారు కళ్ళు తుడుచుకుని, "తండ్రి మాట కోసం ఆగాడండీ," అన్నాడు. వీరభద్రరావు లేవలేదు, లేవదియ్యబోయినా లేవలేదు. పద్నాలుగు నెలల బరువు గుండెల మీంచి ఎవరో దించినట్టయింది. కొడుకు పోయాడు. కానీ కోపంతో పోలేదు.

ఆ శీతాకాలమంతా ఆయన్ని నిలబెట్టింది ఆ పక్షే. పొద్దున్నే ఆఫీసుకి వెళ్ళే ముందు గుప్పెడు అన్నం తీసుకెళ్ళి కంచె పక్కన పెట్టేవాడు. వచ్చేది. ఒక్కటే కాదు, నాలుగైదు వచ్చేవి. ఆయన మాత్రం వాటిలో వాడు ఏదో తనకి తెలిసినట్టే మాట్లాడేవాడు. ఇండియా కాకికి ఇంత తోక ఉండదు, ఇలా కీచుమని తలుపు బందులాగా అరవదు. ఆ సంగతి ఆయనకి తట్టలేదని కాదు. ఇక్కడ వంకాయే గుమ్మడికాయంత ఉంది, కాకికి తోక ఉంటే ఏం అనుకున్నాడు. ఊళ్ళో మనవాళ్ళందరికీ అవే కాకులు.

మార్చిలో అవని వచ్చింది. శ్రేయాస్‌తో పాటు అదే డిపార్ట్‌మెంట్‌లో చదివే అమ్మాయి, పుట్టిందీ పెరిగిందీ ఈ దేశంలోనే, షాంటిలీలో. ఫోన్‌లో తెలుసు గానీ చూడటం అదే మొదలు. స్ప్రింగ్ బ్రేక్‌కి కారులో వాడి పుస్తకాల పెట్టె వేసుకుని అంత దూరం తనే డ్రైవ్ చేసుకుంటూ వచ్చింది. శనివారం రాత్రికి చేరింది. పొద్దున లేచి, కాఫీ కప్పు పట్టుకుని పెరటి గుమ్మంలో నిలబడింది.

వీరభద్రరావు అన్నం పెడుతున్నాడు. "రా అమ్మా. చూడు. కాకి. వాడి పిండం ముట్టింది ఇదే."

అవనికి పిండం అన్న మాట తెలీదు. ఆ అమ్మాయి తప్పేం లేదు. దగ్గరికొచ్చి చూసి నవ్వింది.

"ఇది కాకి కాదు అంకుల్. గ్రాకిల్. మన క్రో కాదు, ఫ్యామిలీయే వేరు. పార్కింగ్ లాట్‌లో ఫ్రెంచ్ ఫ్రైస్ తింటాయి కదా, అవి. ఎవరు ఏం పెట్టినా తింటాయి."

ఆయన చేతిలో అన్నం అలాగే ఉంది.

"కాకి కాదా?"

"కాదు అంకుల్." ఆయన మొహం చూసి ఆ పిల్ల భయపడింది. "నేను ఏమైనా రాంగ్ చెప్పానా?"

"లేదమ్మా." ఆయన వంటింటి వైపు చూశాడు. "ఆంటీకి మాత్రం ఈ మాట చెప్పకు."

మిగిలిన అన్నం గడ్డిలో దులిపేశాడు. అవి గోలగోలగా వచ్చి తిన్నాయి. ఎవరు పెట్టినా తింటాయి. తప్పు నాదే అన్నా తింటాయి, అనకపోయినా తింటాయి. ఆకలేసింది, దిగింది, తిన్నది. అది ఆయన మాట కోసం రాలేదు. వాడు ఏమనుకుంటూ పోయాడో దానికేం తెలుసు? దేవుడా, నాలుగు నెలలు ఒక పార్కింగ్ లాట్ పిట్టకి క్షమాపణ చెప్పుకున్నాను, అనుకున్నాడు వీరభద్రరావు. నవ్వొచ్చింది. నవ్వుతూ నవ్వుతూనే మెట్టు మీద కూర్చుండిపోయి చిన్నపిల్లాడిలాగా ఏడ్చాడు. కొడుకు పోయిన రోజు కూడా అంత ఏడవలేదు.

అవని ఏం చెయ్యాలో తెలీక పక్కన కూర్చుంది. కాసేపటికి ఆయనే అడిగాడు. అడగడానికి ఇంక మనిషే మిగిలింది, కాకి కాదు కదా.

"నా మీద కోపంగా ఉండేవాడా?"

"కోపమా?" అవని ఆయన వైపు తిరిగింది. "అంకుల్, సండే కాల్‌కి వాడు సాటర్‌డే అంతా ప్రాక్టీస్ చేసేవాడు. తెలుగు వర్డ్స్ నన్ను అడిగేవాడు. నాకు కూడా తెలీదు, మా అమ్మకి ఫోన్ చేసేవాళ్ళం. ఎస్టిమేషన్‌కి తెలుగు ఏంటి, ఇన్‌స్టింక్ట్‌కి ఏంటి అని. మీ అమ్మకి ఇంత డీటెయిల్ ఎందుకురా అంటే, అమ్మకి కాదు, నాన్నకి అనేవాడు."

వీరభద్రరావు తలెత్తి చూశాడు.

"మీరు అక్కడే ఉంటారని వాడికి తెలుసు. కత్తి సౌండ్ వినిపిస్తది కదా ఫోన్‌లో. టక టక టక. ఇంట్రెస్టింగ్ పార్ట్ వస్తే ఆ సౌండ్ ఆగుతది అంట. కుక్క మూడు దార్లు కథ చెప్పినప్పుడు చాలాసేపు ఆగింది అంట. ఆ రోజు కాల్ అయ్యాక నా రూమ్‌కి వచ్చి, 'నాన్న కత్తి ఆగింది' అని..." అవని కాఫీ కప్పు కింద పెట్టింది. "ఆ రోజంతా హ్యాపీగా ఉన్నాడు అంకుల్."

ఆగింది, నిజమే. దొండకాయలు. ఆ రోజు సగం కాయ మీద కత్తి పెట్టి అలాగే నిలబడ్డాడు, కుక్క మూడో దారిలోకి పోయేదాకా. సుబ్బులు వెనక్కి తిరిగి చూసేసరికి మళ్ళీ గబగబా తరిగాడు.

అవని లోపలికెళ్ళి పెట్టెలోంచి ఒక నోట్‌బుక్ తెచ్చింది. చివరి పేజీలు తీసింది. తెలుగు మాటలే, ఇంగ్లీష్ అక్షరాల్లో. వాడికి తెలుగు చదవటం, రాయటం రాదు. నేర్పిస్తానని తండ్రి ఎప్పుడూ అనేవాడు.

"ఇది చివరి సాటర్‌డే రాశాడు. సండే కోసం. ఇక్కడ బ్రాకెట్లు చూడండి, ఖాళీగా. ఎందుకు ఖాళీ అని అడిగా. అది నాన్న ఊఁ కొట్టే ప్లేస్, అక్కడ ఆగాలి అన్నాడు. నాన్న అనట్లేదు కదరా అంటే, పర్లేదు, ప్లేస్ ఉంచాలి అన్నాడు."

టైము పదవుతోంది. వంటింట్లో సుబ్బులు పోపు పెడుతోంది. చెక్క మీద బెండకాయలు, కత్తి, ఆయన వదిలినవి వదిలినట్టే ఉన్నాయి. వీరభద్రరావు వెళ్ళి ఆ చెక్క ముందు నిలబడ్డాడు. కత్తి ముట్టుకోలేదు.

"చదువమ్మా," అన్నాడు.

అవని కౌంటర్ దగ్గర స్టూల్ మీద కూర్చుని మొదలుపెట్టింది, తడుముకుంటూ, అచ్చం వాడిలాగే.

"అమ్మా, ఈ వారం కథ నాన్న చెప్పిన గొర్రె." అక్కడ ఆగింది. బ్రాకెట్.

వంటింట్లో ఆవాలు చిటపటలాడాయి. సుబ్బులు స్టవ్ కట్టేసింది.

"ఊఁ," అన్నాడు వీరభద్రరావు.

"గొర్రె తోడేలుని చూసి పారిపోతుంది. కానీ కసాయివాడి వెనకాల వెళ్తుంది. నేను చదివిన పెద్దవాళ్ళు ఎవరూ ఈ మాట అడగలేదు. నాన్న అడిగాడు. ఈ సెమిస్టర్ నా పేపర్ అంతా అదే."

"ఊఁ."

"కసాయివాడి చేతిలో గడ్డి ఉంటుంది. గొర్రె గడ్డి చూస్తుంది, మంచివాడు అనుకుంటుంది. దానికి చూసింది ఎంతో, నమ్మేది కూడా అంతే. దాని వెనకాల ఇంకోటి ఉంటుందని దానికి రాదు."

"ఊఁ."

"మనిషి అలా కాదు. కోపంగా ఉన్న మొహం చూసి కూడా, లోపల ఉన్నది కోపం కాదు అని అనుకోగలడు. ఎవరూ చెప్పకపోయినా. మనిషికీ గొర్రెకీ తేడా ఇదే అని నేను అనుకుంటున్నాను."

అవని ఆగింది. కొంచెం ఎక్కువసేపే ఆగింది. సుబ్బులు కొంగు నోట్లో కుక్కుకుని ఆయన భుజం పట్టుకుంది.

"ఊఁ," అన్నాడు చివరికి.

"ఇప్పుడు నాన్నని ఒక్క ప్రశ్న అడుగుతాను."

మళ్ళీ బ్రాకెట్.

"ఊఁ."

అవని పేజీ తిప్పింది. వెనక్కి తిప్పింది. కింద తెల్లగా ఉంది.

"అంతే అంకుల్. ఇక్కడిదాకే రాశాడు. ఎవరో ఫోన్ చేస్తే సరుకులకి వెళ్ళాడు, వచ్చి రాస్తా అన్నాడు."

వీరభద్రరావు ఆ మాట విన్నట్టు లేదు. నోట్‌బుక్ వైపు అలాగే వంగి, చెవి ఒగ్గి నిలబడ్డాడు.

"ఊఁ," అన్నాడు మళ్ళీ. "అడుగు నాన్నా. వింటున్నాను, అడుగు."